కబీరియా: ఎట్నా అగ్నిజ్వాలలు చెదరగొట్టిన కుటుంబం కథ

'కబీరియా' 1914లో ఇటలీలో నిర్మితమైన మూకీ చిత్రం. ట్యూరిన్ నగరంలోని ఇటాలా ఫిల్మ్ సంస్థ దీనిని నిర్మించగా, జొవాన్నీ పాస్త్రోనె దర్శకత్వం వహించారు. క్రీ.పూ. మూడో శతాబ్దంలో రోమ్, కార్తేజ్ రాజ్యాల మధ్య జరిగిన రెండో ప్యూనిక్ యుద్ధం దీనికి నేపథ్యం. అగ్నిపర్వతం బద్దలైన రాత్రి తల్లిదండ్రులకు దూరమై, సముద్రపు దొంగల చేతికి చిక్కి, పరాయి దేశంలో బలిపీఠం దాకా వెళ్లిన ఒక పసిపిల్ల చుట్టూ కథ అల్లుకుంది. సుమారు మూడు గంటల నిడివి గల ఈ చిత్రం 1914 ఏప్రిల్ 18న ట్యూరిన్‌లోని విత్తోరియో ఎమనూలే రంగశాలలో తొలిసారి ప్రదర్శితమైంది. చలనచిత్రమంటే పది పదిహేను నిమిషాల వినోదమన్న అభిప్రాయం ఇంకా పూర్తిగా చెరిగిపోని కాలమది. పూర్తిస్థాయి వాద్యబృందంతో, గాయకులతో, నాటకశాలకు వెళ్లినట్లు ముస్తాబై వచ్చిన ప్రేక్షకులతో మూడు గంటల సినిమా ఆడటం అప్పటికి పెద్ద సాహసం.

ఇటలీ సినిమా అప్పటికే చారిత్రక కథలకు పేరు పొందింది. 1908లో అంబ్రోసియో సంస్థ 'పాంపే చివరి రోజులు' తీసింది. 1911లో పాస్త్రోనె స్వయంగా 'ట్రాయ్ పతనం' రూపొందించారు. దాంతే కావ్యం ఆధారంగా మిలానో ఫిల్మ్స్ సంస్థ తీసిన 'ఇన్‌ఫెర్నో' కూడా అదే సంవత్సరం వచ్చింది. 1913లో ఎన్రికో గ్వాత్సోని దర్శకత్వంలో వచ్చిన 'క్వో వాదిస్' ఐరోపా, అమెరికాలలో ఘనవిజయం సాధించింది. మన దేశంలో దాదాసాహెబ్ ఫాల్కే 'రాజా హరిశ్చంద్ర' బొంబాయిలో విడుదలైంది కూడా 1913లోనే. భార్యాబిడ్డలతో సహా ఆపదల పాలైన కుటుంబ కథనే ఫాల్కే కూడా ఎంచుకున్నారు. ఈ రెండింటి మధ్య ఏ సంబంధమూ లేదు. అయితే కొత్తగా పుట్టిన కళ ప్రేక్షకుల మనసును పట్టుకోవడానికి రెండు దేశాల్లోనూ బిడ్డను కోల్పోయిన తల్లిదండ్రుల దుఃఖాన్నే ఆశ్రయించడం గమనించదగినది.

కథాక్రమం

సిసిలీ ద్వీపంలో ఎట్నా పర్వతం నీడన ఉన్న కతానియా పట్టణంలో బత్తో అనే సంపన్నుడు నివసిస్తుంటాడు. ఆయన కూతురు కబీరియా. ఆ పిల్లను పెంచే దాది పేరు క్రోయెస్సా. ఒక సాయంత్రం ఎట్నా బద్దలవుతుంది. ఇల్లు కూలుతుంది, స్తంభాలు విరిగిపడతాయి, జనం చీకట్లో పొలాలకు అడ్డంపడి పరుగులు తీస్తారు. ఆ గందరగోళంలో సేవకులకు నేలమాళిగలోకి వెళ్లే రహస్య మార్గం, అందులో యజమాని దాచిన ధనం కనిపిస్తాయి. దొరికినంత మూటగట్టుకుని వారు పారిపోతారు. దాది, బిడ్డ కూడా వారితోనే బయటపడతారు. కూతురు శిథిలాల కింద నలిగిపోయిందని తల్లిదండ్రులు నమ్మి విలపిస్తారు.

పారిపోయినవారు సముద్రతీరం చేరేసరికి ఫినీషియన్ దొంగలు చుట్టుముడతారు. పెనం మీది నుంచి పొయ్యిలో పడ్డట్టు, నిప్పుల వాన తప్పించుకున్న పాప కార్తేజ్ బానిసల సంతలో తేలుతుంది. మొలోక్ దేవుడి ప్రధాన పూజారి కార్తాలో ఆమెను కొంటాడు. అగ్నికి ఆహుతి ఇవ్వడానికి అతడికి పసిపిల్లలు కావాలి. పాప జబ్బుతో ఉందని నమ్మించి కాపాడాలని క్రోయెస్సా ప్రయత్నిస్తుంది. మోసం బయటపడి కొరడా దెబ్బలు తింటుంది.

అదే నగరంలో ఫుల్వియో ఆక్సిల్లా అనే రోమన్ యువకుడు, మాచిస్తె అనే అతడి బానిస మారువేషంలో గూఢచారులుగా ఉంటారు. క్రోయెస్సా వారి కాళ్లమీద పడి బిడ్డను రక్షించమని వేడుకుంటుంది. కతానియాలో దోపిడీ సొమ్ము పంచుకున్నప్పుడు తన వంతుకు వచ్చిన ఉంగరాన్ని ఫుల్వియోకు ఇస్తుంది. ఆలయంలో పిల్లలను ఒక్కొక్కరిగా ఆ రాక్షస విగ్రహపు కడుపులోని మంటల్లోకి జారవిడుస్తుంటారు. కబీరియా వంతు వచ్చిన క్షణంలో మాచిస్తె దూకి ఆమెను లాక్కుంటాడు. ముగ్గురూ ఆలయం పైకప్పు మీదుగా తప్పించుకుంటారు. క్రోయెస్సా మాత్రం ప్రాణాలు కోల్పోతుంది.

ఆశ్రయమిచ్చిన సత్రం యజమాని బోదాస్తొరెత్ వారిని పట్టిస్తాడు. ఫుల్వియో ఎత్తైన కొండ మీది నుంచి సముద్రంలోకి దూకి బయటపడతాడు. మాచిస్తె పాపను ఎత్తుకుని ఒక తోటలోకి చొరబడతాడు. అది కార్తేజ్ సేనాని హస్‌ద్రుబాల్ తోట. ఆయన కూతురు సోఫోనిస్బా నుమిడియా రాజు మాసినిస్సాను అక్కడ రహస్యంగా కలుసుకుంటోంది. మాచిస్తె బిడ్డను ఆమె చేతుల్లో పెడతాడు. తాను మాత్రం పట్టుబడి, తిరగలికి గొలుసులతో బంధింపబడి, ఏళ్ల తరబడి దానిని తిప్పుతూ బతుకుతాడు.

తరువాతి భాగంలో కథ చరిత్ర గ్రంథాల వైపు విస్తరిస్తుంది. హానిబల్ ఏనుగులతో ఆల్ప్స్ పర్వతాలు దాటడం, సిరక్యూస్ ముట్టడిలో ఆర్కిమెడీస్ అద్దాలతో రోమన్ ఓడలను దహించడం, సిర్తా కోట పతనం ఒకదాని వెనుక ఒకటి వస్తాయి. సిరక్యూస్ వద్ద ఓడ కాలిపోగా ఒడ్డుకు కొట్టుకొచ్చిన ఫుల్వియో బత్తో ఇంటికి చేరతాడు. వేలికున్న ఉంగరం చూసి వారు గుర్తుపడతారు. కూతురు బతికే ఉండవచ్చన్న మాట తల్లిదండ్రులకు మొదటిసారి అప్పుడే చేరుతుంది. వెతికి తెస్తానని ఫుల్వియో మాట ఇస్తాడు. మరలా కార్తేజ్‌లో ప్రవేశించి మాచిస్తెను విడిపిస్తాడు. ఎలిస్సా అన్న కొత్త పేరుతో సోఫోనిస్బా దగ్గర పెరిగిన కబీరియా, సిర్తాలో బందీలుగా ఉన్న ఈ ఇద్దరికీ దాహం తీరుస్తుంది. ఎవరు ఎవరో ఆ క్షణంలో ఎవరికీ తెలియదు. సోఫోనిస్బాకు మొలోక్ పీడకలగా వస్తాడు. ఏళ్ల క్రితం దేవుడికి దక్కకుండా పోయిన బలి ఈ పిల్లేనని ఆమె కార్తాలోకు చెప్పేస్తుంది. దీంతో ఆపద మళ్లీ మొదటికి వస్తుంది. చివరకు రోమన్ల చేతికి చిక్కకుండా ఉండేందుకు మాసినిస్సా పంపిన విషాన్ని తాగి సోఫోనిస్బా మరణిస్తూ, కబీరియాను ఫుల్వియోకు అప్పగిస్తుంది. ఓడలో ఇంటిదారి పట్టిన ఆ ఇద్దరినీ, వేణువు ఊదుతున్న మాచిస్తెనూ చూపుతూ చిత్రం ముగుస్తుంది.

దాది పాత్ర

కబీరియా పేరు చిత్రానికి పెట్టినా ఆమె తానుగా చేసే పని బహు స్వల్పం. బాల్యంలో కరోలీనా కాతెనా, యౌవనంలో లిదియా క్వారాంతా ఈ పాత్ర ధరించారు. చేతులు మారే వస్తువులాగే ఆమె కథ పొడవునా కనిపిస్తుంది. తల్లిదండ్రుల నుంచి దాదికి, దాది నుంచి దొంగలకు, దొంగల నుంచి పూజారికి, అక్కడి నుంచి మాచిస్తెకు, రాకుమారికి, చివరకు ఫుల్వియోకు. కథలో నిజమైన తెగువ మొదటి భాగంలో జీనా మారంగోని పోషించిన క్రోయెస్సాది. యజమాని సొమ్ములో వాటా తీసుకున్నదీ ఆమే, ఆ వాటానే బిడ్డ ప్రాణానికి వెలగా చెల్లించినదీ ఆమే. అబద్ధమాడి దెబ్బలు తిన్న తరువాత కూడా, నగరంలో శత్రువులుగా దాగివున్న అపరిచితులను నమ్మే సాహసం చేస్తుంది. ఆమె మరణానికి చిత్రం ఎక్కువ సమయం కేటాయించలేదు. ఆ తరువాత ఎవరూ ఆమెను తలచుకోరు. కానీ ఆమె ఇచ్చిన ఉంగరం లేకపోతే సిరక్యూస్ తీరంలో ఫుల్వియోను గుర్తించేవారు లేరు, కథ ముందుకు సాగే దారీ లేదు. శతాబ్దం తరువాత చూసే ప్రేక్షకుడికి రాజులూ సేనానుల కన్నా ఈ బానిస స్త్రీయే ఎక్కువగా గుర్తుండిపోవడంలో ఆశ్చర్యం లేదు.

మరో విశేషం, తల్లిదండ్రులతో కూతురి పునస్సమాగమాన్ని చిత్రం చూపించదు. మూడు గంటల పాటు ఎదురుచూసిన ఆ దృశ్యాన్ని ప్రేక్షకుడి ఊహకే వదిలి ఓడ సాగిపోతుంది.

భూకంపాలు, అగ్నిపర్వతాల నేల

ఎట్నా విస్ఫోటనం 1914 నాటి ఇటలీ ప్రేక్షకులకు కేవలం పురాతన గాథ కాదు. 1669లో ఎట్నా నుంచి పొంగిన లావా కతానియా నగరపు గోడలను దాటి లోపలికి చేరింది. 1906లో నేపుల్స్ సమీపాన వెసూవియస్ బద్దలైంది. 1908 డిసెంబర్ 28న మెస్సీనా, రెజ్జియో కలాబ్రియా పట్టణాలను భూకంపం, సునామీ నేలమట్టం చేసి, వేలాది కుటుంబాలను చెదరగొట్టాయి. తల్లిదండ్రులు ఎవరో తెలియక మిగిలిన పిల్లలు, పిల్లలు ఏమయ్యారో తెలియక మిగిలిన తల్లిదండ్రులు ఆ తరానికి ప్రత్యక్షంగా తెలిసినవారే. 1910, 1911 సంవత్సరాల్లో ఎట్నా మళ్లీ నిప్పులు కక్కింది. కూలిన ఇంటి ముందు బిడ్డ కోసం రోదించే బత్తో దంపతుల దృశ్యం ఆ ప్రేక్షకులలో ఎటువంటి స్పందన రేపి ఉంటుందో ఊహించడం కష్టం కాదు.

ఆ దృశ్యాల వెనుక స్పెయిన్‌కు చెందిన సెగుండో దె చొమోన్ పనితనం ఉంది. పారిస్‌లో పాథే సంస్థ వద్ద మాయాచిత్రాలు తీసి పేరు తెచ్చుకున్న చొమోన్ 1912లో ట్యూరిన్ చేరారు. చిన్న నమూనాలు, పొగ, ఒకే ఫిల్మును రెండుసార్లు వెలుతురుకు చూపే పద్ధతి కలిపి ఆయన అగ్నిపర్వతాన్ని సృష్టించారు. ముందు భాగంలో పరుగెత్తే మనుషులు, వెనుక ఎగసిపడే నిప్పురవ్వలు ఒకే చట్రంలో ఇమిడిపోతాయి. విద్యుద్దీపాలను కేవలం వెలుగు కోసం కాక, మంటల వెలుతురు ముఖాలపై నాట్యమాడుతున్నట్లు చూపేందుకు కూడా వాడారు. ఆర్కిమెడీస్ అద్దాల దృశ్యంలో, సోఫోనిస్బా పీడకలలో కూడా ఈ నేర్పు కనిపిస్తుంది.

కదిలిన కెమెరా

'కబీరియా' సినిమా చరిత్రలో నిలిచిపోవడానికి ప్రధాన కారణం కథ కాదు, కెమెరా. అప్పటి దాకా చాలా చిత్రాల్లో కెమెరా నాటకశాలలో ముందు వరుస కుర్చీలో కూర్చున్న ప్రేక్షకుడిలాగా ఒకేచోట స్థిరంగా ఉండేది. నటులు ప్రక్కల నుంచి వచ్చి ప్రక్కలకు వెళ్లేవారు. పాస్త్రోనె చక్రాల బండిపై కెమెరాను అమర్చే సాధనాన్ని రూపొందించి 1912లో దానికి పేటెంట్ పొందారు. ఇటాలియన్ భాషలో దీనిని 'కార్రెల్లో' అంటారు. నేడు ప్రతి చిత్రీకరణ స్థలంలోనూ కనిపించే ట్రాలీకి అది పూర్వరూపం.

అయితే పాస్త్రోనె దీనిని పరుగులు తీసే దృశ్యాలకు వాడలేదు. కెమెరా ఒక మూల నుంచి ఏటవాలుగా, ఎంతో నెమ్మదిగా, దాదాపు తెలియనంతగా సెట్ లోపలికి జరుగుతుంది. స్తంభం ముందుకు వస్తుంది, దాని వెనుకనున్న మెట్లు తెరుచుకుంటాయి, గోడలు గుడ్డమీద వేసిన బొమ్మలు కావని కన్నుకు అర్థమవుతుంది. అంత ఖర్చుపెట్టి గట్టిగా కట్టించిన సెట్లు నిజంగా గట్టివేనని నిరూపించుకోవాలన్న నిర్మాత ఆత్రుత కూడా ఇందులో ఉందనుకుంటే తప్పు కాదు. గుంపు మధ్య నుంచి ఒక ముఖం వైపు జరిగి, మరల వెనక్కి వచ్చే చోట మాత్రం ఇది ప్రదర్శన స్థాయిని దాటి కథనంగా మారుతుంది. ఈ తరహా చలనాన్ని ఆ తరువాత అమెరికాలో కొంతకాలం 'కబీరియా చలనం' అనే పిలిచారు.

చిత్రీకరణ స్టూడియోకే పరిమితం కాలేదు. ఆల్ప్స్ మంచులోనూ, సిసిలీలోనూ, ట్యునీషియాలోనూ దృశ్యాలు తీశారు. మొలోక్ ఆలయాన్ని మాత్రం ట్యూరిన్‌లో నిర్మించారు. ఆలయ ద్వారమే తెరిచిన రాక్షస నోరుగా ఉంటుంది. లోపల రెక్కలు చాచిన భారీ విగ్రహం కూర్చుని ఉంటుంది. దాని పొట్టలోని తలుపు తెరిచి మూసినప్పుడల్లా పొగ ఎగసే తీరు నేటికీ కలవరపెడుతుంది.

పాస్త్రోనె 1882లో ఆస్తి సమీపాన మోంతెకియారోలో జన్మించారు. సంగీతం నేర్చుకుని, లెక్కల ఉద్యోగిగా సినిమా సంస్థలో చేరి, కొద్ది ఏళ్లలోనే ఇటాలా ఫిల్మ్ అధిపతి అయ్యారు. కళాకారుడి కన్నా యంత్రనిపుణుడి బుద్ధి, వ్యాపారి చూపు ఆయనలో ఎక్కువ. అందుకే తన పేరును తెరపై వెనక్కి నెట్టడానికి ఆయన సందేహించలేదు.

కవి పేరు, దర్శకుడి పని

1914 నాటి ప్రకటనలలో 'కబీరియా' రచయితగా కనిపించిన పేరు గాబ్రియేలె దన్నుంజియో. ఇటలీలో ఆ నాటికి ఆయనను మించిన ప్రసిద్ధ కవి లేడు. అప్పుల బాధతో ఆయన ఫ్రాన్స్‌లో ఉంటున్నారు. పాస్త్రోనె ఆయనను సంప్రదించి, పెద్ద మొత్తం చెల్లించి పేరును కొనుక్కున్నారు. ఆ పారితోషికం 50,000 లీరాలని చెబుతారు. అప్పటికే కథ, దృశ్య విభజన సిద్ధంగా ఉన్నాయి. దన్నుంజియో చేసినదల్లా టైటిల్ కార్డుల మీది వాక్యాలను తన ఉదాత్త శైలిలో తిరగరాయడం, చిత్రానికీ, పాత్రలకూ పేర్లు పెట్టడం. నిప్పులో పుట్టినది అన్న అర్థంలో 'కబీరియా' అన్న పేరు ఆయనదే. హెర్క్యులస్‌కు గల ప్రాచీన గ్రీకు బిరుదు నుంచి 'మాచిస్తె' అన్న పేరును కూడా ఆయనే ఎంచారు. పాస్త్రోనె మాత్రం పియెరో ఫోస్కో అన్న మారుపేరుతో నిలిచారు.

ఈ ఏర్పాటు మోసమని తరువాతి విమర్శకులు అన్నారు. నిజానికి అది లెక్క తెలిసిన వ్యాపారం. సినిమాను సంత వినోదంగా చూసే సంపన్న, విద్యావంత వర్గం దన్నుంజియో పేరు చూసి టికెట్ కొన్నది. చిత్రానికి కావలసినది ఆ గౌరవమే. అదే ఉద్దేశంతో స్వరకర్త ఇల్దెబ్రాందో పిజెత్తిని ఆశ్రయించారు. మొలోక్ ఆలయ దృశ్యానికి ఆయన వాద్యబృందం, బృందగానం, ఒక పురుష గాత్రంతో 'అగ్ని సింఫనీ' కూర్చారు. మిగిలిన సంగీతాన్ని మాన్లియో మాజ్జా సమకూర్చారు. మూకీ చిత్రమని పేరే గానీ ప్రదర్శనశాలలో మౌనం ఉండేది కాదు.

కథాంశం విషయంలో మాత్రం దన్నుంజియో కన్నా మరో ఇద్దరి ప్రభావం అధికం. ఎమీలియో సల్గారి 1908లో ప్రచురించిన కార్తేజ్ సాహస నవల ఒకటి. ఫ్రెంచి రచయిత ఫ్లోబేర్ 1862 నాటి 'సలాంబో' రెండవది. పిల్లలను మింగే మొలోక్ చిత్రణ చాలావరకు ఫ్లోబేర్ నవల నుంచి వచ్చినదే.

చరిత్ర ఎంత, కల్పన ఎంత

హానిబల్ ఆల్ప్స్ దాటింది క్రీ.పూ. 218లో. సిరక్యూస్ ముట్టడి 213-212 సంవత్సరాలది. సోఫోనిస్బా విషం తాగి మరణించిన ఘటన 203 నాటిది. రోమన్ చరిత్రకారుడు లివీ ఆ ఉదంతాన్ని విస్తారంగా రాశాడు. చిత్రంలో ఇతాలియా ఆల్మిరాంతె మంజీని పోషించిన ఈ పాత్ర చరిత్రకు ఎంతో సమీపంగా ఉంటుంది. ఆర్కిమెడీస్ అద్దాల సంగతి అలా కాదు. ముట్టడిని వర్ణించిన పోలీబియస్, లివీ, ప్లూటార్క్‌లలో ఎవరూ దానిని పేర్కొనలేదు. అది తరువాతి శతాబ్దాల రచనల ద్వారా ప్రచారంలోకి వచ్చిన కథ.

మొలోక్ విషయం మరింత చిక్కుతో కూడినది. కార్తేజ్ ప్రధాన దైవం బాల్ హమ్మోన్. మొలోక్ అన్న పేరు బైబిల్ నుంచి వచ్చింది. కార్తేజ్ వాసులు పసిపిల్లలను బలి ఇచ్చేవారని గ్రీకు, రోమన్ రచయితలు రాశారు. అయితే వారందరూ శత్రుపక్షం వారు. చిత్రం విడుదలైన ఏడేళ్లకు, 1921లో కార్తేజ్ శిథిలాల్లో కాలిన శిశువుల ఎముకలున్న మట్టి కలశాలు అసంఖ్యాకంగా బయటపడ్డాయి. అవి బలుల అవశేషాలా, లేక సహజంగా మరణించిన శిశువుల శ్మశానమా అన్న వివాదం పండితుల మధ్య నేటికీ తెగలేదు. 1914 నాటి చిత్రానికి ఇటువంటి సందేహాలేవీ లేవు. అందులో ఆఫ్రికా అంటే నిప్పు, క్రూరత్వం, కుట్ర. రోమ్ అంటే రక్షణ.

ఈ విభజన అమాయకమైనది కాదు. 1911-12లో ఇటలీ ఒట్టోమన్ సామ్రాజ్యంతో యుద్ధం చేసి నేటి లిబియా ప్రాంతాన్ని ఆక్రమించుకుంది. ఒకప్పుడు రోమ్ ఏలిన ఆఫ్రికా తీరాన్ని తిరిగి పొందుతున్నామని జాతీయవాదులు చాటుకున్నారు. దన్నుంజియో ఆ దండయాత్రను కీర్తిస్తూ పద్యాలు రాశారు. ఆ యుద్ధం ముగిసిన రెండేళ్లలోనే, ఆఫ్రికాలో చెరపడిన ఇటలీ బిడ్డను రోమన్ వీరుడు విడిపించే కథ తెరకెక్కింది. ఒక కుటుంబపు దుఃఖం ఇక్కడ ఒక రాజ్యపు ఆకాంక్షకు ముసుగుగా కూడా ఉపయోగపడింది. ముస్సోలినీ కాలంలో, 1937లో కార్మినె గల్లోనె 'ఆఫ్రికా విజేత స్కిపియో' తీసినప్పుడు ఆ ముసుగు కూడా తొలగిపోయింది.

మాచిస్తె పాత్రధారి బార్తొలొమియో పగానో జెనోవా ఓడరేవులో కూలిపని చేసిన వ్యక్తి. నటనలో పూర్వానుభవం లేదు. దేహబలం చూసి ఎంపిక చేశారు. చిత్రంలో ఆఫ్రికా బానిసగా కనిపించేందుకు ఆయన శరీరానికి నల్లరంగు పూశారు. ప్రేక్షకులు నాయకుడు ఫుల్వియోను మరిచి మాచిస్తెనే ప్రేమించారు. మరుసటి ఏడాదే ఆ పాత్ర పేరుతో ప్రత్యేక చిత్రాల పరంపర మొదలైంది. అందులో మాచిస్తె ఒంటి రంగు ఏ వివరణ లేకుండానే తెల్లగా మారిపోయింది. ప్రథమ ప్రపంచ యుద్ధ కాలంలో అతడు ఇటలీ సైనికుడు కూడా అయ్యాడు. బానిస జాతీయ వీరుడయ్యేందుకు ముందు రంగు మార్చుకోవలసి రావడం ఆ కాలపు మనస్తత్వాన్ని చెప్పకనే చెబుతుంది. పగానో 1920ల చివరి దాకా ఈ పాత్రతోనే జీవించారు. 1960లలో వేర్వేరు కండల వీరులతో మాచిస్తె మరలా ఇటలీ తెరపైకి వచ్చాడు.

విదేశాల్లో ప్రభావం

1914 జూన్‌లో చిత్రం న్యూయార్క్ చేరింది. అదే నెలలో వైట్‌హౌస్ ఆవరణలో అధ్యక్షుడు వుడ్రో విల్సన్ కోసం దీనిని ప్రదర్శించారు. అమెరికా దర్శకుడు డి.డబ్ల్యు. గ్రిఫిత్ 1916లో తీసిన 'ఇన్‌టాలరెన్స్'లోని బాబిలోన్ సెట్లపై, ఏనుగుల శిల్పాలపై, జరిగే కెమెరాపై 'కబీరియా' నీడ స్పష్టంగా ఉంది. జర్మనీలో ఫ్రిట్జ్ లాంగ్ 1927 నాటి 'మెట్రోపొలిస్'లో కార్మికులను మింగే యంత్రం మొలోక్ ముఖంగా మారుతుంది. ఫెడెరికో ఫెల్లీని తన బాల్యపు తొలి సినిమా జ్ఞాపకంగా 'నరకంలో మాచిస్తె' చిత్రాన్ని పేర్కొనేవారు. 1957లో ఆయన తీసిన 'కబీరియా రాత్రులు' చిత్ర నాయిక పేరు ఎక్కడి నుంచి వచ్చిందో వేరే చెప్పనక్కరలేదు.

ఇటలీ సినిమాకు మాత్రం ఈ వైభవం ఎంతోకాలం నిలవలేదు. చిత్రం విడుదలైన నాలుగు నెలలకే ఐరోపాలో యుద్ధం మొదలైంది. 1915 మే నెలలో ఇటలీ కూడా అందులో దిగింది. విదేశీ మార్కెట్లు మూతపడ్డాయి, సిబ్బంది సైన్యంలోకి వెళ్లారు. యుద్ధం ముగిసేసరికి హాలీవుడ్ ఆ స్థానాన్ని ఆక్రమించింది. పాస్త్రోనె మరికొన్ని చిత్రాలు తీసి, 1920లలో సినిమా రంగాన్ని విడిచిపెట్టారు. 1959లో ట్యూరిన్‌లో కన్నుమూశారు.

ప్రతుల చరిత్ర

మూకీ చిత్రాల ప్రతులు ఒకే రూపంలో ఉండేవి కావు. ఏ దేశానికి పంపితే ఆ దేశ భాషలో టైటిల్ కార్డులు మార్చేవారు, ప్రదర్శనకారులు తమకు తోచినట్లు కత్తిరించేవారు. దానికి తోడు 1931లో పాస్త్రోనె స్వయంగా చిత్రాన్ని కుదించి, సంగీతాన్ని ధ్వనిముద్రణ చేసి తిరిగి విడుదల చేశారు. దశాబ్దాల పాటు ప్రపంచం చూసినది ఎక్కువగా ఈ మార్పులకు లోనైన ప్రతులనే. 1914 నాటి ప్రేక్షకులు చూసిన పొడవైన, రంగు పూతలు గల చిత్రం క్రమంగా కనుమరుగైంది. నైట్రేట్ ఫిల్ము తేలిగ్గా అంటుకునే పదార్థం. ఎట్నా మంటలను చూపిన ఫిల్మే ఒక నిప్పురవ్వకు బూడిద కాగలదన్నది ఆ కాలపు ప్రతి చిత్రానికీ ఉన్న ముప్పు.

ట్యూరిన్‌లోని జాతీయ చలనచిత్ర మ్యూజియం మిగిలిన ప్రతులను, కాగితాలను పోల్చిచూసి చిత్రాన్ని పునరుద్ధరించే పనిని చేపట్టింది. పాస్త్రోనె భద్రపరచిన పత్రాలు అందుకు ఎంతగానో తోడ్పడ్డాయి. 1914 నాటి రూపానికి వీలైనంత దగ్గరగా, నాటి రంగు పూతలతో సిద్ధమైన ప్రతిని 2006లో కాన్ చలనచిత్రోత్సవంలో ప్రదర్శించారు. అదే మ్యూజియంలో, మోలె ఆంతొనెల్లియానా గోపురం కింద, మొలోక్ విగ్రహం నేటికీ రెక్కలు చాచి కూర్చుని ఉంది. పాఠశాల పిల్లలు వరుసగా దాని ముందు నుంచి నడిచి వెళుతుంటారు.